ప్రమాద మృతులు – పరిహార ధర్మం

శ్రీకాకుళం జిల్లాలో టెక్కలి దాటి పలాస వైపు సాగే జాతీయ రహదారి చెన్నై, కోల్‌కతా నగరాలను కలుపుతున్నది. దానికి తూర్పున, సముద్ర తీరం దాకా, కొబ్బరి, జీడిమామిడి, పనస తోటల ఉద్దానం ఉన్నది. 2018 అక్టోబరులో వచ్చిన తిత్లీ తుఫాను ఈ తోటలను నేలకూల్చినది. ఈ ప్రాంతంవారు అనేకులు బ్రతుకుతెరువుకై దూరపు నగరాలకు వలస పోతుంటారు. అట్లు పోయినవాడు ఏ పరాయి ఊరి రోడ్డు మీదనో వాహనం క్రిందపడి మరణించినచో, ఇంటివద్ద మిగిలిన భార్యాబిడ్డలకు, వృద్ధులైన తల్లిదండ్రులకు దిక్కెవరు? ఈ ప్రశ్నకు తగిన సమాధానం చెప్పుటకు చట్టానికి రెండు శతాబ్దాల కాలం పట్టినది.

1808లో ఇంగ్లండులో ఒక ప్రయాణికుల గుర్రపు బండి బోల్తాపడి ఒక స్త్రీ గాయపడినది. కొంత కాలానికి మరణించినది. ఆమె భర్త న్యాయస్థానానికి వెళ్లగా, మనిషి మరణం సివిలు దావాకు కారణం కాజాలదని న్యాయాధిపతి లార్డ్ ఎలెన్‌బరో తీర్పు చెప్పెను. కాలు విరిగినవానికి పరిహారం కలదు. ప్రాణం పోయినవాని కుటుంబానికి మాత్రం లేదు! ఈ విపరీతాన్ని ఆ దేశ పార్లమెంటు 1846లో సవరించినది. అదే మార్గంలో మన దేశానికి 1855లో ప్రాణాంతక ప్రమాదాల చట్టం వచ్చినది. మృతుని భార్య లేక భర్త, తల్లిదండ్రులు, సంతానం పరిహారం కోరవచ్చునని అందులో ఉన్నది.

హక్కు లభించినది గాని, ఫలం చేతికి అందుట కష్టమైనది. సివిలు కోర్టులో దావా వేయవలెను. తప్పు ఎదుటివానిదేనని రుజువు చేయవలెను. గెలిచినను, బండి యజమాని వద్ద డబ్బు లేకున్న తీర్పు కాగితంగానే మిగులును. అందుకే 1939 నాటి మోటారు వాహనాల చట్టం బీమాను తప్పనిసరి చేసినది. ఆ నిబంధన 1946 జూలై 1 నుండి అమలులోకి వచ్చినది. 1956 సవరణ ప్రత్యేక ట్రిబ్యునళ్లకు దారి తీసినది. 1982లో, తప్పెవరిదని విచారింపకయే మరణానికి 15,000 రూపాయలు ఇవ్వవలెనన్న నియమం చేరినది. మృతుని సోదరులు కూడ పరిహారం కోరవచ్చునని సుప్రీంకోర్టు 1987లో ఒప్పుకొన్నది.

ఇన్ని మార్పులు వచ్చినను, ఉద్దానపు వితంతువు కష్టం ఒకటి మిగిలియుండెను. ప్రమాదం ఎక్కడ జరిగినదో అక్కడి ట్రిబ్యునలుకే ఆమె వెళ్లవలసి వచ్చేది. తెలియని ఊరు, రాని భాష, చాలని దారి ఖర్చులు! 1994 సవరణతో ఈ అడ్డంకి తొలగినది. నాటినుండి తాను నివసించే ప్రాంతపు ట్రిబ్యునలులోనే దరఖాస్తు చేయవచ్చును. పెద్ద తీర్పులంతగా ఈ మార్పు పేరుకెక్కలేదు గాని, వలస కుటుంబాలకు ఇదే అన్నిటికన్న మేలు చేసినది.

పరిహారం లెక్కకు 2009, 2017 నాటి సుప్రీంకోర్టు తీర్పులు ఒక పద్ధతి ఏర్పరచినవి. నెలకు 10,000 రూపాయలు సంపాదించే 34 ఏండ్ల కూలి మరణించినాడనుకొందాము. ఏడాది సంపాదన 1,20,000. భవిష్యత్తులో పెరుగుదలకై నూటికి 40 వంతున కలుపగా 1,68,000. అతనిపై ఆధారపడినవారు నలుగురైనచో, అతని సొంత ఖర్చు క్రింద నాలుగవ వంతు తీసివేయగా 1,26,000. ఆ వయస్సుకు నిర్ణయించిన 16తో హెచ్చింపగా 20,16,000 రూపాయలు. అంత్యక్రియలు మొదలైనవాటి మొత్తాలు దీనికి అదనం. కూలివానికి జీతపు చీటీ లేకున్నను, కనీస వేతనాలను ఆధారంగా తీసుకొనుట కలదు.

2022 ఏప్రిల్ 1 నుండి తప్పుతో నిమిత్తం లేని పరిహారం 5 లక్షలైనది. గుద్ది పారిపోయిన వాహనం జాడ తెలియనప్పుడు మృతుని కుటుంబానికి 2 లక్షలు లభించును. అయితే అదే దినం నుండి, ట్రిబ్యునలులో దరఖాస్తుకు ఆరు నెలల గడువు చట్టంలో తిరిగి చేరినది. మైల తీరి, ఏడ్పు ఆగి, కాగితాలు వెదకుకొనేసరికే ఆ గడువులో కొంత గడిచిపోవును. కావున ఎఫ్.ఐ.ఆర్., పోస్టుమార్టం నివేదికల నకళ్లను బంధువులు మొదటి దినాలలోనే సేకరించి భద్రపరచుట మంచిది.

పోయిన ప్రాణానికి వెల కట్టుట ఎవరి తరమూ కాదు. చట్టం కట్టేది ప్రాణానికి వెల కాదు. ఆ ప్రాణం మోసిన ఇంటి బరువుకు. ఆ బరువు మీదపడిన ఇల్లాలికి తన హక్కు సకాలంలో తెలియజెప్పుట ఇరుగుపొరుగువారమైన మనందరి విధి.