సీసీ కెమెరాల నిఘా (గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్)

2016 అక్టోబర్ 11న పాత మహబూబ్‌నగర్ జిల్లా నుంచి ఏర్పడిన మూడు జిల్లాల్లో వీధులు, దుకాణాల మీద ఉండే వీడియో నిఘా. దీనికి చట్టపరమైన ఆధారం 2013 నాటి ప్రజా భద్రతా చర్యల చట్టం: జనం ఎక్కువగా వచ్చే సంస్థలు సొంత ఖర్చుతో కెమెరాలు పెట్టుకోవాలి, ఫుటేజీని 30 రోజులు దాచాలి, పోలీసులు అడిగితే ఇవ్వాలి. ‘నేను సైతం’ పేరిట పోలీసులు కాలనీల వారిచేత, వ్యాపారులచేత చందాలతోనూ కెమెరాలు పెట్టించారు.

దొంగతనాలు, ప్రమాదాల కేసుల్లో వీటి ఉపయోగం కాదనలేనిది. చిక్కంతా కోణంలో ఉంది. చీరల కొట్టు గుమ్మానికి బిగించిన కెమెరాలో ఎదురింటి అరుగు కూడా పడుతుంది. అక్కడ ఎవరు కూర్చున్నారో, ఎప్పుడు లేచారో కొట్టు యజమాని ఫోన్‌లోనే చూడొచ్చు. డీవీఆర్‌లో హార్డ్‌డిస్కు నిండితే పాతది దానంతటదే చెరిగిపోతుంది, ఈలోగా ఎవరైనా వాట్సాప్‌లో పంపకపోతే. అరుగు మీది మనిషిని అడిగినవారు మాత్రం ఉండరు.

గోప్యత ప్రాథమిక హక్కని సుప్రీంకోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం 2017 ఆగస్టు 24న పుట్టస్వామి కేసులో తేల్చింది. తెలంగాణ పోలీసులు ముఖాల గుర్తింపు సాంకేతికతను వాడటంపై హైకోర్టులో ప్రజాప్రయోజన వ్యాజ్యం దాఖలైంది. 2023లో డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం వచ్చినా, ప్రభుత్వ సంస్థలకు అందులో మినహాయింపులు విస్తారం.