మైలురాయి – రోము నుంచి మన ఊరి రోడ్డు దాకా

ప్రత్యేక సంచికకు ఏదైనా చరిత్ర విషయం రాయమని కార్యవర్గ మిత్రులు అడిగారు. రాజుల కథలూ యుద్ధాల కథలూ కాకుండా, ఉద్యోగ జీవితంలో మనందరికీ అక్కరకు వచ్చిన ఒక చిన్న వస్తువును గురించి రాద్దామనిపించింది. అది రోడ్డు పక్కన నిలబడి ఉండే రాయి.

నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో, 1968 ప్రాంతంలో, క్యాంపుకు వెళ్ళివచ్చి టి.ఏ. బిల్లు పెట్టాను. హెడ్ క్వార్టర్సు నుంచి ఎనిమిది కిలోమీటర్లు దాటితేనే డి.ఏ. అన్న నిబంధన మనకు తెలిసినదే కదా. ఆ ఊరు ఏడున్నర కిలోమీటర్లే ఉంటుందని బిల్లు తిప్పి పంపారు. ఊళ్ళో వారిని అడిగితే ఒకరు "కూతవేటు దూరమేనండీ" అన్నారు, మరొకరు "మూడు కోసులు తక్కువ ఉండదండీ" అన్నారు. చివరకు ఒక ఆదివారం సైకిలు వేసుకుని రాళ్ళు లెక్కపెట్టుకుంటూ వెళ్ళాను. ఎనిమిదో రాయి ఊరి పొలిమేరకు ఇవతలే కనబడింది. ఆ సంగతి కాగితం మీద రాసి పెడితే బిల్లు పాసయింది. వచ్చిన సొమ్ము స్వల్పమే. కాని పై అధికారి మాటకూ కొత్త గుమాస్తా మాటకూ మధ్య ఆ రాయి తీర్పు చెప్పింది. రాతికి హోదా తెలియదు. ఆ సంగతి అప్పటినుంచీ నా మనసులో ఉండిపోయింది.

ఈ రాళ్ళను ఒక మహా సామ్రాజ్యమంతటా పద్ధతి ప్రకారం పాతించినవారు ప్రాచీన రోమనులు. మనం వాడే "మైలు" అన్న మాట కూడా వారిదే. లాటిన్ భాషలో "మిల్లె" అంటే వెయ్యి. కుడికాలు నేలమీద మోపిన చోటు నుంచి మళ్ళీ కుడికాలు మోపే చోటుకు ఒక "పాసుస్", అంటే అయిదు రోమన్ అడుగులు. అలాంటివి వెయ్యి అయితే ఒక మైలు. నేటి లెక్కలో సుమారు 1,480 మీటర్లు. మనం బడిలో చదువుకున్న ఇంగ్లీషు మైలు 1,760 గజాలు, అంటే 1,609 మీటర్లు. 1593లో ఇంగ్లండులో చట్టం చేసి దానిని ఖాయపరిచారు.

రోము నుంచి దక్షిణానికి వెళ్ళే ఆప్పియా మార్గాన్ని క్రీ.పూ. 312లో ప్రారంభించారు. క్రీ.పూ. 123 ప్రాంతంలో గాయుస్ గ్రాకుస్ అనే ప్రజానాయకుడు రోడ్లన్నిటినీ మైళ్ళ చొప్పున కొలిపించి రాతి స్తంభాలు పాతించాడని చరిత్రకారుడు ప్లుటార్క్ రాశాడు. వాటి మధ్య ఇంకా దగ్గర దగ్గరగా రోడ్డుకు రెండు ప్రక్కలా మరికొన్ని రాళ్ళు వేయించాడట. ఎవరి సాయమూ లేకుండా గుర్రం ఎక్కడానికి అవి మెట్లు. ఆ రోజుల్లో గుర్రపు జీనుకు రికాబులు లేవు. దారిన పోయేవాడి కష్టం ఎరిగిన ఏర్పాటు అది.

రోమన్ మైలురాయి మన రాళ్ళలా మోకాలెత్తుది కాదు. మనిషి ఎత్తు, అంతకు మించిన గుండ్రని స్తంభం. రెండు టన్నులు తూగేవి కూడా ఉన్నాయి. దాని మీద మైళ్ళ సంఖ్య, రోడ్డు వేయించిన లేదా మరమ్మతు చేయించిన అధికారి లేక చక్రవర్తి పేరు, బిరుదులు చెక్కేవారు. క్రీ.పూ. 20లో అగస్టస్ చక్రవర్తి రోము నగరం నడిబొడ్డున బంగారు పూత పెట్టిన స్తంభం ఒకటి నిలిపాడు. రోడ్లన్నీ అక్కడ కలుస్తాయన్నది దాని భావం. అయితే ఆప్పియా వంటి దారులలో లెక్క మొదలయ్యేది నగర ద్వారం దగ్గరే. దూర ప్రాంతాలలో రోము నుంచి కాక, దగ్గరి పెద్ద పట్టణం నుంచి లెక్కించేవారు.

మరి అంత దూరాలు ఎలా కొలిచారు? అగస్టస్ కాలపు ఇంజనీరు విట్రూవియస్ తన గ్రంథంలో ఒక బండిని వర్ణించాడు. దాని చక్రం నాలుగు వందల సార్లు తిరిగితే అయిదు వేల అడుగులు, అంటే ఒక మైలు. అప్పుడు పళ్ళచక్రాల అమరికతో ఒక గులకరాయి జారి కంచుపాత్రలో "ఠంగు"మని పడుతుంది. సాయంత్రానికి రాళ్ళు లెక్కపెట్టుకుంటే ఎన్ని మైళ్ళు వచ్చామో తెలుస్తుంది. నేటి కారులో మీటరుకు అది ముత్తాత అనుకోవచ్చు.

చక్రవర్తులు మారినప్పుడల్లా రాళ్ళకు పని పడేది. కొత్త ప్రభువు పేరుతో కొత్త రాయి పాతేవారు. గిట్టని చక్రవర్తి పేరు చెక్కివేసేవారు. ఉన్న రాతినే తలక్రిందులు చేసి రెండోవైపు కొత్త పేరు చెక్కిన సందర్భాలూ ఉన్నాయి. శిలాఫలకాల సంగతి ఎరిగిన మనకు ఇందులో వింతేమీ లేదు. కాని ఎవరి పేరు ఉన్నా, పోయినా ఊరికీ ఊరికీ మధ్య దూరం మాత్రం మారలేదు. బాటసారికి కావలసింది ఆ అంకె ఒక్కటే.

రోమనుల ఓడలు మన తీరానికీ వచ్చాయి. భూగోళ శాస్త్రజ్ఞుడు టాలెమీ మన కృష్ణా తీర ప్రాంతాన్ని మైసోలియా అని పేర్కొన్నాడు. రోమన్ నాణేలు నాగార్జునకొండ వంటి చోట్ల దొరికాయి. వారి మైలు మాత్రం ఆనాడు మన గడ్డ మీదికి రాలేదు. మన కొలతలు మనవి. దారుల వెంట మర్రిచెట్లు, మామిడి తోపులు నాటించి, కోసుల లెక్కన బావులు త్రవ్వించానని అశోకుడు శాసనంలో చెప్పుకున్నాడు. మొగలుల కాలంలో ఢిల్లీ, ఆగ్రా, లాహోరు దారులలో కోసుకొకటిగా ఎత్తయిన మినార్లు కట్టారు. వాటిలో కొన్ని నేటికీ నిలిచి ఉన్నాయి. మన ప్రక్క కోసులు, ఆమడలు వాడుక. అయితే ఒక సీమలో ఆమడ ఎనిమిది మైళ్ళు, మరొక సీమలో పది మైళ్ళు. బాడుగ దగ్గర బండివానికీ ప్రయాణికునికీ తగవు రాకుండా ఎలా ఉంటుంది?

మద్రాసు సుప్రీంకోర్టులో ఉద్యోగి అయిన ఏనుగుల వీరాస్వామయ్య గారు 1830 మే నెలలో కాశీయాత్రకు బయలుదేరి 1831 సెప్టెంబరులో తిరిగివచ్చారు. మజిలీకీ మజిలీకీ మధ్య దూరం ఎంతో, దారి ఎలా ఉందో, ఎక్కడ ఏం దొరుకుతుందో ఓపికగా రాసిపెట్టారు. మైలురాళ్ళు లేని దారిలో తరువాతి యాత్రికులకు ఆ పుస్తకమే మైలురాయి అయింది.

ఇంగ్లీషువారి సర్వేయర్లు చేతితో తోసే కొలత చక్రంతో మన దారులను కొలిచారు. విట్రూవియస్ బండి సూత్రమే అది. 1847లో ఆర్థర్ కాటన్ మొదలుపెట్టిన ధవళేశ్వరం ఆనకట్ట 1852లో పూర్తయింది. అక్కడి నుంచి పారిన కాలువలు మన తూర్పు డెల్టాకు నీటితోబాటు పడవ దారులనూ ఇచ్చాయి. ఫలానా తూము, ఫలానా లాకు ఎక్కడుందంటే ఇన్నో మైలు, ఇన్నో ఫర్లాంగు అని చెప్పడం ఇరిగేషన్ వారి పద్ధతి. ఆ శాఖలో పనిచేసిన మన సభ్యులకు ఇది నేను చెప్పనక్కరలేదు.

1956లో మెట్రిక్ కొలతల చట్టం వచ్చింది. తరువాతి సంవత్సరాలలో మైలురాళ్ళ స్థానంలో కిలోమీటరు రాళ్ళు వచ్చాయి. జాతీయ రహదారికి పసుపు తల, రాష్ట్ర రహదారికి ఆకుపచ్చ తల. అయినా పెద్దలు చాలాకాలం మైళ్ళలోనే మాట్లాడారు. రోము ఏలుబడిలోని గాల్ దేశం, అంటే నేటి ఫ్రాన్సు, ప్రజలు కూడా అంతే. రోమన్ మైలుకు ఒకటిన్నర రెట్లుండే తమ "ల్యూగా"ను వారు వదలలేదు. చివరకు మూడో శతాబ్దిలో అక్కడి రాళ్ళ మీద ప్రభుత్వమే ల్యూగాలు చెక్కించింది. రాయి వేసేది ప్రభుత్వమే అయినా చదువుకునేది ప్రజలు కదా!

మన కళ్ళ ముందూ ఎన్నో మారాయి. అయిదో నంబరు జాతీయ రహదారి 2010లో పదహారో నంబరు అయింది. 2022లో మండపేట తూర్పు గోదావరి జిల్లా నుంచి కోనసీమ జిల్లాలోకి వెళ్ళింది. రోడ్డు నంబరు మారినా, జిల్లా పేరు మారినా మండపేట రాజమండ్రికి జరగలేదు, దూరం కాలేదు.

ఒక్క మనవి. రోడ్లు వెడల్పు చేసినప్పుడు పాత రాళ్ళు మట్టిలో కలిసిపోతున్నాయి. రోములోనూ చాలా రాళ్ళు గోడల్లో, చర్చి స్తంభాల్లో కలిసిపోయాయి. మిగిలిన వాటిని బట్టే ఏ దారి ఎటు పోయిందో నేటి చరిత్రకారులు తేల్చుకుంటున్నారు. మన ప్రాంతంలో కాలువ గట్టు మీదనో, ఎవరి పెరటిలో బట్టలుతికే బండగానో ఒక పాత మైలురాయి మీకు కనబడితే దాని మీది అంకెలు, అది ఉన్న చోటు ఒక కాగితం మీద రాసి ఉంచండి. వీలైతే మనుమలను తీసుకువెళ్ళి చూపించండి. వారికి ఫోనులో దూరం క్షణంలో తెలుస్తుంది. ఆ దూరాన్ని మొదట కాలినడకన, చక్రం తోసి, ఎండలో నిలబడి కొలిచిన చిరుద్యోగులు ఉన్నారని మాత్రం మనమే చెప్పాలి. వారూ మనవంటి ఉద్యోగులే.