సంభాషణాభ్యాసము – జపాను పాఠములు, నల్లగొండ పాలమూరు పలుకుబడి

పరభాష నేర్చువానికి ముందు సూత్రములు కావలెనా, సంభాషణలు కావలెనా యను చర్చ మనకు క్రొత్తది కాదు. చార్లెస్ ఫిలిప్ బ్రౌను 1840లో తెలుగు వ్యాకరణమును, 1852లో నిఘంటువును వెలువరించెను. 1853లో తెలుగు–ఇంగ్లీషు సంభాషణలను వ్యాకరణ వివరణముతో ముద్రింపించెను. మూడవది లేనిచో మొదటి రెండును నోరులేని గ్రంథములే యని మా యభిప్రాయము.

రెండవ ప్రపంచయుద్ధ కాలమున అమెరికా పండితులు ఈ త్రోవనే సైనిక శిక్షణకు మలచిరి. బ్లాక్, జోర్డెనుల జపాను సంభాషణ గ్రంథము 1945లో వెలువడినది. లీ లిస్కరు రచించిన వాడుక తెలుగు ప్రవేశిక 1963 నాటిది. నిత్యవ్యవహారపు మాటలను విని, పలికి, పిదప సూత్రము నెఱుగుట ఈ పద్ధతి.

జపాను నేర్చు తెలుగువానికి వాక్యక్రమము సుకరము. 'హొన్ ఒ యొమిమసు' అనగా 'పుస్తకమును చదువుదును'. క్రియ చివరనే యుండును, 'ఒ' మన 'ను' వలె కర్మను చూపును. ఇందువలన రెండు భాషలకును చుట్టరికము సిద్ధింపదు. పైగా 'యొమిమసు' నేను, నీవు, వారు అను భేదమును చూపనే చూపదు.

చిక్కంతయు మర్యాదలో నున్నది. తినుటకు సామాన్యముగా 'తబెరు', ఎదుటివారిని గౌరవించునపుడు 'మెషిఅగరు'. దీనిని బోధించుటకు 'మీరు ఎక్కడికి వెళ్లుచున్నారు?' వంటి పుస్తకపు తెలుగునే ఆధారముగా గొన్నచో నల్లగొండ, మహబూబునగరు విద్యార్థి రెండు భాషలను ఒక్కమారు నేర్వవలసి వచ్చును. 1918లో నెలకొన్న ఉస్మానియా విశ్వవిద్యాలయమున 1948 వరకు బోధన ఉర్దూలో సాగినది. తరువాత వచ్చిన పాఠ్యపుస్తకపు తెలుగు అధికముగా కోస్తా పలుకుబడిని అనుసరించినది. ఇంటి మాట రెంటికిని వెలుపలనే యుండెను. 'అమ్మా, యాడికి పోతున్నవ్?' అను ప్రశ్నలో క్రియ ఏకవచనమే. గౌరవము 'అమ్మా' యను పిలుపులో నున్నది. దీనిని తప్పని దిద్దు ఉపాధ్యాయుడు జపాను పాఠమునకు అక్కరకు వచ్చు సాధనమునే పారవేయుచున్నాడు.

ఏలయన, జపానులోను అపరిచితులను బంధువాచకములతో పిలుచుట కలదు. నడివయసు స్త్రీని 'ఒబసన్' అందురు, పినతల్లి, మేనత్త యని దాని యర్థము. ముసలమ్మ 'ఒబాసన్'. ఈ హ్రస్వదీర్ఘ భేదమును పట్టుకొనుట ఆంగ్లేయునకు ప్రయాస. అంగడిలో 'అవ్వా', 'అక్కా' యని పిలిచి బేరమాడు పాలమూరు పిల్లవానికి ఆ పిలుపు తీరును తెలియును, ఆ దీర్ఘమును చెవికి అందును.