‘డెర్మటైటిస్’ అనే మాట: పటాన్‌చెరు పారిశ్రామిక ప్రాంతంలో ఒక వైద్యపదం చరిత్ర

ఈ పాఠ్యభాగాన్ని ఒక మందుల చీటీతో మొదలుపెడదాం. కొన్నేళ్ల క్రితం మా అధ్యయన కేంద్రంలో ఆదివారం తరగతికి వచ్చిన ఒక విద్యార్థి పాఠం అయ్యాక ఆగిపోయాడు. పగలు చదువు, రాత్రి షిఫ్టులో ఒక మందుల ఫ్యాక్టరీలో కాంట్రాక్టు హెల్పరు పని. వేళ్ల మధ్య నుంచి మణికట్టు దాకా చర్మం ఎర్రబడి, పగిలి, అక్కడక్కడ నీరు కారి ఎండిపోయి ఉంది. చేతిలో ఒక చీటీ. దాని మీద ‘స్కిన్ రాష్’ అని రెండు మాటలు, కింద దురద తగ్గే మాత్ర, ఒక పూత మందు. అతను అడిగింది జబ్బు గురించి కాదు. “సార్, ఈ చీటీ పెడితే ఈఎస్ఐలో ఏమన్నా వస్తదా?” అని.

ఆ ప్రశ్నకు ఆ రోజు నేను సరైన జవాబు చెప్పలేకపోయాను. చరిత్ర చెప్పేవాడికి చర్మవ్యాధులతో ఏం పని అనుకున్నాను. తర్వాత చట్టం పుస్తకాలు తిరగేస్తే తెలిసింది, అతని ప్రశ్న మొత్తం ఆ రెండు మాటల మీదే ఆధారపడి ఉందని. ఒక మాట కాగితం మీద ఉంటే ఒక దారి తెరుచుకుంటుంది. వేరే మాట ఉంటే తెరుచుకోదు. ఆ మాటలు ఎక్కడ పుట్టాయో, సంగారెడ్డి, పటాన్‌చెరు ప్రాంతంలో అవి ఎలా వాడుకలో ఉన్నాయో మీరు ఇక్కడ చదువుతారు.

కనిపించేది, కారణం

‘రాష్’ అనేది రోగం పేరు కాదు. డాక్టరు కంటికి చర్మం మీద కనిపించిన మార్పుకు అది పేరు. ఎర్రటి మచ్చలు కావచ్చు, గట్టి పొక్కులు కావచ్చు, నీటి బొబ్బలు కావచ్చు. అమ్మోరు పోసినా రాషే, తట్టు వచ్చినా రాషే, మందు పడక ఒళ్లంతా దద్దులు లేచినా రాషే. ప్రపంచ ఆరోగ్య సంస్థ అంతర్జాతీయ వ్యాధుల వర్గీకరణ పదో కూర్పులో ‘రాష్’కు ఆర్21 అనే సంకేతం ఉంది. అది చర్మవ్యాధుల అధ్యాయంలో లేదు. కారణం తేలని లక్షణాల అధ్యాయంలో ఉంది. అంటే ఆ మాట రాసిన డాక్టరు ‘ఏదో ఉంది, ఎందుకో ఇంకా చెప్పలేను’ అని ఒప్పుకున్నట్టే లెక్క.

‘డెర్మటైటిస్’ ఒక అడుగు ముందుకు వెళ్తుంది. గ్రీకులో ‘డెర్మా’ అంటే చర్మం, ‘ఐటిస్’ అనే ప్రత్యయం వాపును, మంటను సూచిస్తుంది. తెలుగు వైద్యగ్రంథాల్లో దీన్ని చర్మశోథ అంటారు. దీనికి ముందు ‘కాంటాక్ట్’ అని చేరిస్తే అర్థం పూర్తిగా మారిపోతుంది. బయటి పదార్థం ఏదో చర్మానికి తగలడం వల్ల వచ్చిన శోథ అని అర్థం. ఇక్కడ రోగం పేరులోనే కారణం ఎటువైపు ఉందో చెప్పే వేలు ఉంది. అది రోగి ఒంటి నుంచి బయటికి చూపిస్తుంది.

ఇందులో రెండు రకాలు ఉన్నాయి. మొదటిది ఒరుపు వల్ల వచ్చేది. ఆమ్లం, క్షారం, సాల్వెంటు వంటివి తగిలినప్పుడు చర్మం మీది నూనె పొర కరిగిపోయి చర్మం దెబ్బతింటుంది. మోతాదు, సమయం చాలినంత ఉంటే ఇది ఎవరికైనా వస్తుంది. రెండోది ఎలర్జీ వల్ల వచ్చేది. ఇది అందరికీ రాదు. కొందరి శరీరం ఒక పదార్థాన్ని శత్రువుగా గుర్తుపెట్టుకుంటుంది. ఆ తర్వాత అణుమాత్రం తగిలినా ఒకటి రెండు రోజుల్లో చర్మం మండుతుంది. ఆ గుర్తు సాధారణంగా ఏళ్ల తరబడి పోదు. అందుకే అదే యంత్రం దగ్గర పక్కపక్కన పనిచేసే ఇద్దరిలో ఒకరికి వచ్చి ఇంకొకరికి రాకపోవచ్చు. “అతనికి లేదు గదా, నీకే ఎందుకు?” అనే సూపర్‌వైజరు ప్రశ్న వినడానికి సబబుగానే ఉంటుంది గాని, వైద్యం దృష్టిలో దానికి విలువ లేదు.

మాటల వెనుక చరిత్ర

మన దగ్గర చర్మవ్యాధులను వర్గీకరించే పని పాతదే. చరకసంహితలో పద్దెనిమిది రకాల కుష్ఠాలు ఉన్నాయి. వాటిలో విచర్చిక, పామ, దద్రువు వంటివి ఉన్నాయి. అక్కడ ‘కుష్ఠం’ అంటే ఈనాడు మనం అనుకునే ఒక్క రోగం కాదు, చర్మాన్ని పాడుచేసే రోగాల సముదాయం. పాత గ్రంథాలు చదివేటప్పుడు ఈ తేడా మరిచిపోతే మీ వ్యాసంలో పెద్ద పొరపాటే వస్తుంది.

యూరప్‌లో ‘ఎగ్జిమా’ అనే మాట 6వ శతాబ్దంలో అమిడాకు చెందిన ఏటియస్ రచనల్లో కనిపిస్తుంది. గ్రీకులో దాని అర్థం పొంగి బయటికి రావడం. కుండలో నీళ్లు మరిగి పొంగినట్టు చర్మం మీద బుడగలు లేస్తాయని. ఆధునిక కాలంలో లండన్ వైద్యుడు రాబర్ట్ విల్లన్ చర్మవ్యాధులను వాటి రూపాన్ని బట్టి ఎనిమిది వర్గాలుగా విడదీశాడు. ఆయన గ్రంథం భాగాలుగా వెలువడి 1808 నాటికి ఒక సంపుటంగా వచ్చింది. మచ్చ, పొక్కు, నీటిబొబ్బ, చీముపొక్కు అని ఇప్పటికీ డాక్టర్లు వేరు చేసి రాసే అలవాటు ఎక్కువగా ఆయన నుంచి వచ్చిందే. ఇది కంటితో చూసి పేరు పెట్టే పద్ధతి. మన చీటీలోని ‘రాష్’ ఈ సంప్రదాయానికి చెందిన మాట.

కారణం అడిగే పద్ధతి వేరే చోట మొదలైంది. ఇటలీలోని మోడెనాలో బెర్నార్డినో రామజ్జిని అనే వైద్యుడు 1700లో వృత్తిరోగాల మీద ఒక గ్రంథం ప్రచురించాడు. రోగిని డాక్టరు అడగవలసిన పాత ప్రశ్నలకు ఆయన ఇంకొకటి చేర్చాడు: నువ్వేం పని చేస్తావు? బట్టలుతికే స్త్రీల చేతులు క్షారజలం వల్ల పగలడం ఆయన గమనించి రాశాడు. మూడు వందల ఏళ్లు దాటినా ఆ ఒక్క ప్రశ్న చాలా క్లినిక్‌లలో ఇప్పటికీ వినబడదు. రోజుకు వంద మందిని చూసే డాక్టరుకు తీరిక ఎక్కడిది అనండి, నేను ఒప్పుకుంటాను. కాని దాని ఫలితం చీటీలో కనిపిస్తుంది.

అడిగితే చాలదు, నిరూపించాలి కదా. ఆ మార్గం 1895లో దొరికింది. జర్మనీలోని బ్రెస్లావులో పనిచేస్తున్న యోసెఫ్ యాడసోన్ పాదరసం మందు పడని రోగుల చర్మం మీద ఆ పదార్థాన్నే కొంచెం అంటించి, అదే చోట శోథ వస్తుందని చూపించాడు. ఇదే ప్యాచ్ టెస్ట్. ఇప్పుడు అనుమానించిన పదార్థాలను వీపు మీద అతికించి, రెండు రోజుల తర్వాత తీసి చూస్తారు. తర్వాత మరో రెండు రోజులకు ఇంకోసారి చూస్తారు. ‘ఎలర్జీ’ అనే మాట ఇంకా అప్పటికి పుట్టలేదు. దాన్ని వియన్నాలో క్లెమెన్స్ ఫాన్ పిర్కే 1906లో తయారుచేశాడు. మన ఊళ్లలో చదువురానివాళ్లు కూడా ఇప్పుడు “ఎలర్జీ అయింది” అంటున్నారంటే, ఆ మాట ఎంత వేగంగా ప్రయాణించిందో చూడండి.

పటాన్‌చెరు నేపథ్యం

పాత మెదక్ జిల్లాలో ఉన్న ఈ ప్రాంతం 2016 అక్టోబరు 11 నుంచి సంగారెడ్డి జిల్లాలో భాగం. రామచంద్రాపురంలో బీహెచ్ఈఎల్, బాలానగర్‌లో ఐడీపీఎల్ వచ్చిన తర్వాత, 1970ల నుంచి పటాన్‌చెరు, బొల్లారం, పాశమైలారం, ఆ తర్వాత కాజీపల్లి, గడ్డపోతారం వైపు పరిశ్రమలు విస్తరించాయి. 1970 పేటెంట్ల చట్టం మందు మీద కాక, దాన్ని తయారుచేసే పద్ధతి మీద మాత్రమే పేటెంటు ఇచ్చింది. వేరే పద్ధతిలో అదే మందు తయారుచేయడానికి వీలు కలిగింది. ఐడీపీఎల్‌లో పని నేర్చుకున్న రసాయన శాస్త్రజ్ఞులు బయటికి వచ్చి సొంత కంపెనీలు పెట్టారు. బల్క్ డ్రగ్స్ అనే ముడి మందుల తయారీకి హైదరాబాద్ పరిసరాలు పేరు పొందాయి. పురుగుమందులు, రంగులు తయారుచేసే యూనిట్లు కూడా వాటితోపాటే వచ్చాయి.

ముడి మందు ఒక్క అంచెలో తయారు కాదు. రియాక్టరులో పొడి పోయాలి, సాల్వెంటు కలపాలి, సెంట్రిఫ్యూజు నుంచి తడి ముద్దను తవ్వి తీయాలి, డ్రయ్యరులో ఆరబెట్టి డ్రమ్ముల్లో నింపాలి. ఈ ప్రతి అంచెలోనూ మనిషి చెయ్యి ఉంటుంది. టొలువీన్, మిథనాల్ వంటి సాల్వెంట్లు చర్మపు నూనెను కడిగేస్తాయి. పెన్సిలిన్ జాతి మందుల పొడి ఎలర్జీ కలిగించగలదు. గ్లవ్స్ ఉంటే చాలు కదా అని మీరు అనవచ్చు. గుడ్డ గ్లవ్స్ సాల్వెంటును పీల్చి చర్మానికే అంటిపెడతాయి. రబ్బరు గ్లవ్స్ తయారీలో వాడే రసాయనాలకే కొందరికి ఎలర్జీ వస్తుంది.

ఫ్యాక్టరీ గోడ బయట కథ వేరు. వ్యర్థజలాలు నక్కవాగులో కలిసి మంజీర వైపు సాగాయి. వాగు నీళ్లలో దిగితే కాళ్లు దురద పెడుతున్నాయని, పశువులు తాగడం లేదని, వరి పండడం లేదని పరీవాహక గ్రామాల వాళ్లు ఏళ్ల తరబడి మొరపెట్టుకున్నారు. పటాన్‌చెరులో ప్రాక్టీసు చేసిన డాక్టర్ అల్లాని కిషన్‌రావు ఈ ఉద్యమంలో ముందు నిలిచారు. 1990లో ఇండియన్ కౌన్సిల్ ఫర్ ఎన్విరో లీగల్ యాక్షన్ సుప్రీంకోర్టులో రిట్ వేసింది. (ఇదే సంస్థ పేరుతో రాజస్థాన్‌లోని బిచ్చడి కేసు కూడా ఉంది, దాని తీర్పు 1996లో వచ్చింది. విద్యార్థులు ఈ రెండింటినీ తరచుగా కలిపేస్తారు.) 1994లో పటాన్‌చెరు ఎన్విరో టెక్ అనే ఉమ్మడి శుద్ధి కేంద్రం ఏర్పడింది. 2007లో స్వీడన్ పరిశోధకుడు యోకిమ్ లార్సన్ బృందం, ఆ కేంద్రం నుంచి బయటికి వచ్చే నీటిలో సిప్రోఫ్లాక్ససిన్ అనే యాంటీబయాటిక్ లీటరుకు 31 మిల్లీగ్రాముల దాకా ఉన్నట్టు ప్రచురించింది. పటాన్‌చెరు పేరు ప్రపంచ వైద్య పత్రికల్లోకి వెళ్లింది అప్పుడే.

ఈ మొత్తం రికార్డులో ఒక వింత ఉంది. నీటిని కొలిచారు, పంట నష్టాన్ని లెక్క కట్టారు. కాని చర్మం దగ్గరికి వచ్చేసరికి ఫిర్యాదులు ‘దురదలు’, ‘చర్మవ్యాధులు’ అనే సామూహిక మాటల్లోనే ఆగిపోతాయి. ఎకరం ఎండితే పటం మీద గుర్తు పెట్టవచ్చు. దురద రేపటికి తగ్గిపోవచ్చు, ఎల్లుండి తిరిగి రావచ్చు.

గజ్జి, తామర, దద్దు

జనం మాటలను కూడా జాగ్రత్తగా చూడండి. గజ్జి అనేది చిన్న పురుగు వల్ల ఒకరి నుంచి ఒకరికి అంటుకునేది. ఇంట్లో అందరికీ వస్తుంది, రాత్రి దురద ఎక్కువ. తామర బూజు జాతి సూక్ష్మజీవి వల్ల గుండ్రంగా పాకుతుంది. దద్దు లేచి కొన్ని గంటల్లో అణిగిపోతుంది. కాంటాక్ట్ డెర్మటైటిస్ ఈ మూడింటిలో ఏదీ కాదు, అది అంటురోగం కాదు. కాని ఊళ్లో చేతుల మీద పొక్కులు కనబడితే ముందు వచ్చే మాట ‘గజ్జి’. ఆ మాటతో పాటు ‘శుభ్రత లేదు’ అనే నింద కూడా వస్తుంది. తప్పు సాల్వెంటు డ్రమ్ము నుంచి కార్మికుడి స్నానపు గదికి మారిపోతుంది.

మరోవైపు ప్రతి దురదనూ ఫ్యాక్టరీకి అంటగట్టడం కూడా చరిత్రకారుడి పని కాదు. 1950లలో పూణే దగ్గర గుర్తించిన పార్థీనియం కలుపు, మన వయ్యారిభామ, ఈ నేల మీదా విపరీతంగా ఉంది. దాని ధూళి గాలిలో వచ్చి ముఖం, కనురెప్పలు, మెడ మీద ఘోరమైన ఎలర్జీ శోథ కలిగిస్తుంది. సిమెంటులోని క్రోమియం తాపీమేస్త్రీల చేతులను పాడుచేస్తుంది. కాబట్టి శోథ శరీరంలో ఎక్కడ ఉంది, సెలవుల్లో తగ్గిందా, పనికి వెళ్లగానే తిరగబెట్టిందా అన్నవి అడగాలి. వాగులో దిగిన గీత దాకా కాళ్లకు ఉంటే ఒక కథ, కనురెప్పల మీద ఉంటే ఇంకో కథ.

చట్టంలో ఆ మాట

ఇప్పుడు చీటీ దగ్గరికి వద్దాం. 2025లో కొత్త కార్మిక కోడ్‌లు అమల్లోకి వచ్చేదాకా ఉన్న 1948 ఫ్యాక్టరీల చట్టం మూడో షెడ్యూలులో తెలియజేయవలసిన వ్యాధుల జాబితా ఉండేది. రసాయనాలు, రంగులు నేరుగా తగలడం వల్ల వచ్చే వృత్తిజన్య లేదా కాంటాక్ట్ డెర్మటైటిస్ అందులో ఉండేది. ఒరుపు కలిగించేవి, ఎలర్జీ కలిగించేవి అని రెండు రకాలనూ ఆ షెడ్యూలు పేర్కొంది. ఆ చట్టం 89వ సెక్షన్ ప్రకారం అలాంటి రోగం ఉందని భావించిన డాక్టరు ఫ్యాక్టరీల చీఫ్ ఇన్‌స్పెక్టరుకు రాతపూర్వకంగా తెలపవలసి ఉండేది. ‘స్కిన్ రాష్’ అనేది ఆ జాబితాలో లేదు. ఆ రెండు మాటలు రాసిన డాక్టరుకు తెలపవలసిన బాధ్యత కూడా పుట్టేది కాదు.

నష్టపరిహారం 1923 చట్టం కింద వచ్చేది. మొదట దాని పేరు వర్క్‌మెన్స్ కాంపెన్సేషన్ చట్టం, 2009 సవరణతో ఉద్యోగుల పరిహార చట్టం అయింది. దాని మూడో షెడ్యూలు ‘బి’ భాగంలో భౌతిక, రసాయన, జీవ కారకాల వల్ల వచ్చే చర్మవ్యాధులు ఉండేవి. అయితే ‘బి’ భాగానికి ఒక షరతు ఉండేది: ఆ యజమాని దగ్గర ఎడతెగకుండా ఆరు నెలలకు తగ్గకుండా పనిచేసి ఉండాలి. కాంట్రాక్టరు మారుతూ, మధ్యలో విరామాలు వస్తూ సాగే ఉద్యోగంలో ఆ ఆరు నెలలు నిరూపించడం ఎంత కష్టమో మీలో పనిచేస్తూ చదివేవారికి చెప్పనక్కరలేదు. ఈఎస్ఐ పరిధిలో ఉన్నవారు 1948 ఈఎస్ఐ చట్టం కింద అడగవలసి ఉండేది. అక్కడా వృత్తిరోగాల షెడ్యూలు ఉండేది. 2020లో పార్లమెంటు చేసిన కొత్త కార్మిక కోడ్‌లలోనూ ఇలాంటి షెడ్యూళ్లు కొనసాగాయి.

వాగు పక్కన గ్రామంలో ఉండే రైతుకు ఇవేవీ వర్తించవు. అతను ఆ ఫ్యాక్టరీ ఉద్యోగి కాడు. అతనికి 1974 నీటి కాలుష్య చట్టం, కోర్టులు వంటివి దారి. ఒకే రసాయనం గోడకు లోపల వృత్తిరోగం, గోడకు బయట కాలుష్యం.

మా విద్యార్థి ఏం చేశాడని మీరు అడగవచ్చు. నగరంలోని ఒక పెద్ద ఆసుపత్రి చర్మవ్యాధుల విభాగానికి వెళ్లమన్నాం. వెళ్లాడు. అక్కడ డాక్టరు పని గురించి అడిగారట, ఏ పొడి, ఏ డ్రమ్ము, ఎన్నాళ్లుగా అని. కొత్త చీటీలో ‘కాంటాక్ట్ డెర్మటైటిస్, చేతులు, వృత్తి సంబంధమా?’ అని చివర ప్రశ్నార్థకంతో రాశారు. ప్యాచ్ టెస్ట్‌కు మళ్లీ రమ్మన్నారు. అది పూర్తి కావాలంటే వారంలో మూడుసార్లు రావాలి, మూడు రోజుల కూలీ పోతుంది. అతను వెళ్లలేదు. రెండు నెలల తర్వాత ప్యాకింగ్ విభాగానికి మారాడు, చేతులు కొంత నయమయ్యాయి. ఆ ప్రశ్నార్థకం మాత్రం అలాగే ఉంది.

ఈ యూనిట్‌కు అనుబంధంగా మీరు చేయవలసిన పని: మీ దగ్గరి ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో అనుమతి తీసుకొని, పేర్లు రాసుకోకుండా, ఒక నెల ఓపీ రిజిస్టరులో చర్మ సంబంధమైన నమోదులు చూడండి. రాష్, ఎలర్జీ, స్కేబీస్, డెర్మటైటిస్ అని ఎన్నెన్ని సార్లు రాశారో లెక్కించండి. ఆ పక్కన రోగి వృత్తి అనే గడి ఉందా, ఉంటే ఎన్ని చోట్ల నింపారో కూడా రాయండి.