అగాడీ–పిఛాడీ: హైదరాబాదు పాతబస్తీ పదజాలంలో అశ్వబంధన విద్య

దక్కను రాజ్యాల అశ్వదళ బలాన్ని గుర్రాల సంఖ్యతో కొలవడం చరిత్రరచనలో పరిపాటి. అయితే ఆ గుర్రాలు రణరంగంలో గడిపిన కాలంకంటె లాయంలోనూ, శిబిరంలోనూ కట్టుకొయ్య వద్ద నిలిచిన కాలమే ఎక్కువ. కట్టినచోట బెదరక నిలవని గుర్రం తనకూ, పక్క గుర్రానికీ, సాయిసుకూ ప్రమాదమే. ఈ విద్య ప్రాధాన్యాన్ని పాతబస్తీ పదజాలం ఆధారంగా పరిశీలించవచ్చు.

తెలుగునాట అశ్వవిజ్ఞానం ప్రాచీనమైనది. కాకతీయుల కాలంలో అశ్వ, గజ దళాధికారులకు ‘సాహిణి’ అనే బిరుదు ఉండేది, జాయపసేనాని గజసాహిణి. మనుమంచి భట్టు అశ్వశాస్త్రాన్ని తెలుగు పద్యాలలో రచించాడు. సంస్కృత శాలిహోత్రుని పేరు ఉర్దూలో ‘సాలోత్రి’గా మారి అశ్వవైద్యునికి వాచకమైంది. కాని ఈ శాస్త్రసంప్రదాయం ప్రధానంగా వర్ణాలను, సుళ్ళను, వయోనిర్ణయాన్ని, రోగచికిత్సను వివరిస్తుంది. నిత్యం తాడు పట్టే సాయిసు నేర్పు ఎక్కువగా నోటిమాటగానే సాగింది.

ఆసఫ్‌జాహీ పాలనలో ఈ నేర్పు పాయెగా వ్యవస్థతో ముడిపడింది. పారశీకంలో ‘పాయ్‌గాహ్’ అంటే స్థానం, హోదా, అశ్వశాల అనే అర్థాలున్నాయి. నిజాం అలీఖాన్ (1762–1803) కాలంలో అబుల్ ఫతే ఖాన్ తేగ్ జంగ్‌తో ప్రాబల్యానికి వచ్చిన వంశం నిజాం సొంత సైన్యాన్ని పోషించింది. ఆ వంశానికి పాయెగా అనే పేరు స్థిరపడింది. పిసల్‌బండలోని సమాధుల శిల్పసౌందర్యం ప్రసిద్ధమే. ఆ వైభవం వెనుక గుర్రాల పోషణ అనే బాధ్యత ఉన్నదని ఆ పేరే చెబుతుంది.

బంధన పద్ధతికి ఉర్దూలో రెండు పదాలున్నాయి. తలపట్టీ నుండి ముందువైపు ఇరుపక్కల మేకులకు కట్టే తాళ్ళు అగాడీ. వెనుకకాళ్ళ గిట్టలపై కీళ్ళకు తగిలించి వెనుక మేకుకు కట్టే తాడు పిఛాడీ. వరుసగా నిలిచిన గుర్రాలు తిరగబడకుండా, ఒకదానినొకటి తన్నుకోకుండా ఈ ఏర్పాటు తోడ్పడింది. బ్రిటిషిండియా అశ్వదళాలు కూడ దీనిని అనుసరించాయి. హాకిం ముందు, గుర్రం వెనుక నిలవరాదనే అర్థంగల ఉర్దూ సామెత ఈ రెండు పదాలపైనే నిర్మితమైంది.

అయితే తాడు ఒక్కటే గుర్రాన్ని నిలపలేదు. భయపడినప్పుడు పారిపోవడం దాని స్వభావం. తలపై లాగుడు తగిలితే లొంగక వెనుకకు గుంజుతుంది. అందువల్ల మొదట చేతిలోని తాడు లాగుడుకు ముందడుగు వేయడం, వేసిన వెంటనే లాగుడు సడలడం అలవాటు చేయాలి. ఆ తరువాతే కదలని గుంజకు, వీపు ఎత్తున, కాలు చిక్కుకోనంత పొట్టిగా, ఒక్క లాగుతో ఊడే ముడితో కట్టాలి. నిలిచే వ్యవధిని క్రమంగా పెంచాలి. ఒకసారి తాడు తెంపుకున్న గుర్రం మరల తెంపజూస్తుంది. అపరిపక్వ శిక్షణ మీద వేసిన పిఛాడీ కాలిని ఒరిపిడితో గాయపరుస్తుంది. బంధనం శిక్షణకు ప్రత్యామ్నాయం కాదు, దాని ఫలితం.

1949లో జాగీర్ల రద్దుతో పాయెగాల ఆర్థికాధారం తొలగింది. చౌమహల్లా ప్రాసాదంలో బగ్గీలు ప్రదర్శనవస్తువులుగా మిగిలాయి. పందేలు సాగుతున్న మలక్‌పేటలో గుర్రం ఉన్నా, దాని వ్యవస్థ వేరు. వస్తువులను ప్రదర్శనశాల కాపాడగలదు. సాయిసు చేతి నేర్పుకు ఆ రక్షణ లేదు. కనుక అగాడీ, పిఛాడీ, సాలోత్రి, పాయెగా వంటి పదాలను అన్యదేశ్యాల పట్టికలో చేర్చి విడువక, వృత్తిచరిత్రకు ఆకరాలుగా పరిగణించి, వాటిని ఎరిగిన వృద్ధుల నుండి వాడుకతో సహా సేకరించడం తెలుగు పరిశోధన తక్షణ కర్తవ్యం.