సవర భాషలోని నిరుద్ధ హల్లులు

కళింగపట్నమువద్ద సముద్రమున గలియు వంశధార తీరమునందే, ఎగువను శ్రీముఖలింగమునకు చేరువనున్న పర్వతాలపేటలో 1863లో జన్మించిన గిడుగు వేంకట రామమూర్తిగారిని లోకము వాడుకభాషోద్యమ నాయకునిగానే స్మరించును; కాని యంతకు పూర్వమే, పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడై యుండగా, ఆయన చెవి యొగ్గినది కొండసవరల పలుకులకు. (ఆయనను గూర్చి గ్రాంథికమున వ్రాయుట ఆయనకు రుచించెడిది కాదేమో!)

ముండా కుటుంబమునకు జెందిన యా భాషలో తెలుగు లిపి కందని ధ్వనులు గలవు. మనము క, త, ప లను పలుకునపుడు నాలుకయో పెదవులో వాయువును నిరోధించి, పిదప విడుచుటచే చిన్న స్ఫోటము వినవచ్చును. సవర పదాంతమందలి నిరుద్ధ హల్లు అట్టిది గాదు: నోటిలోని స్థానముతోబాటు కంఠబిలమందలి నాదతంత్రులును మూసికొని, ఊపిరి క్రిందనే తెగిపోవుటచే స్ఫోటము వినరాక, ముందున్న యచ్చు హఠాత్తుగా నిలిచిపోవును. నోరు తెరచియుండగనే కంఠబిలము మాత్రము మూతపడు వర్ణమును గలదు. అరబ్బీలోని హమ్జా యిట్టిదే.

ఇంత సూక్ష్మమైన భేదములను పట్టుకొన్న యా పండితుడు, మన్యపు జ్వరమునకు సేవించిన క్వినైనుచే వినికిడి కోల్పోయెననుట విధివైపరీత్యము. సవర తెలిసినవానిని ఇంట నుంచుకొని నేర్చి, మొదట తెలుగు లిపిలో వాచకములు వ్రాసి, తుదకు రోమను అక్షరములపై నాధారపడిన ధ్వనిలిపి నవలంబించెను. ఆయన సవర వ్యాకరణము 1931లో మద్రాసున వెలువడెను. 1936లో మంగెయి గొమాంగో అను సవర తన జాతికి ‘సొరాంగ్ సొంపెంగ్’ లిపిని కల్పించెను.