సీలు వేసిన కవరు: క్రమశిక్షణా చర్యల నీడలో పదోన్నతి

కేంద్ర ప్రభుత్వ శాఖలో పనిచేస్తున్న ఒక ఉద్యోగిని ఊహించుకోండి. సీనియారిటీ జాబితాలో పదోన్నతి వంతు అతనిదే. కమిటీ సమావేశానికి వారం ముందు అతనిపై ఎవరో ఫిర్యాదు పంపారు. ఛార్జిషీటు రాలేదు, సస్పెన్షన్ లేదు. అయినా అతని పేరు పక్కన పెట్టి, తరువాతి జూనియర్‌కు పదోన్నతి ఇచ్చారు. ఇది న్యాయమేనా? ఈ ప్రశ్నకు మన పాలనా వ్యవస్థ సమాధానం వెతుక్కున్న తీరును ఈ భాగంలో తెలుసుకుందాం.

ముందు ఒక తేడాను గుర్తించాలి. పదోన్నతి పొందడం ఉద్యోగి హక్కు కాదు. పదోన్నతికి తన పేరును పరిశీలించమని కోరడం మాత్రం హక్కు. రాజ్యాంగంలోని 16వ అధికరణ దీనికి ఆధారం. 1956లో ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన తరువాత, పాత హైదరాబాదు రాష్ట్ర ఇంజినీరింగ్ శాఖల్లోని సూపర్‌వైజర్ల పదోన్నతుల వివాదం సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. 1974 నాటి మహమ్మద్ షుజాత్ అలీ కేసు అదే. పదోన్నతి అవకాశాలు తగ్గడం వేరు, పరిశీలనకు ఉన్న హక్కే పోవడం వేరు అని కోర్టు అందులో స్పష్టం చేసింది.

మరి ఆరోపణలున్న ఉద్యోగిని పరిశీలించడం ఎలా? ఇందుకు పుట్టినదే సీల్డ్ కవర్ పద్ధతి. శాఖాపరమైన పదోన్నతుల కమిటీ అందరితోపాటు అతని అర్హతనూ అంచనా వేస్తుంది. కానీ ఆ అభిప్రాయాన్ని కవరులో పెట్టి సీలు వేస్తుంది. విచారణలో నిర్దోషిగా తేలితే కవరు తెరుస్తారు. అందులో అతను యోగ్యుడని ఉంటే, జూనియర్‌కు పదోన్నతి వచ్చిన తేదీ నుంచే అతనికీ పదోన్నతి ఇస్తారు. శిక్ష పడితే కవరులోని అభిప్రాయాన్ని పట్టించుకోరు. 1982 జనవరి 30 నాటి కేంద్ర ప్రభుత్వ ఆఫీసు మెమొరాండం ఈ పద్ధతిని వివరించింది.

ఆలోచన మంచిదే. చిక్కంతా కవరుకు ఎప్పుడు సీలు వేయాలన్న దగ్గర వచ్చింది. 1988 జనవరి 12 నాటి మెమొరాండం ఈ పద్ధతి పరిధిని బాగా పెంచింది. క్రమశిక్షణా చర్య తీసుకోవాలన్న నిర్ణయం జరిగినా చాలు. అవినీతి వంటి తీవ్ర ఆరోపణలపై దర్యాప్తు నడుస్తున్నా చాలు. అంటే అభియోగమేమిటో ఉద్యోగికి తెలియకముందే కవరుకు సీలు పడవచ్చు. తెలియని అభియోగానికి అతను జవాబు చెప్పుకునేదెలా?

అంతకు ముందే, 1987లో, కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్ ఫుల్ బెంచ్ ఈ విషయంలో ఒక గీత గీసింది. శాఖాపరమైన విచారణలో ఛార్జిమెమో, క్రిమినల్ కేసులో ఛార్జిషీటు జారీ అయ్యాకే చర్యలు ప్రారంభమైనట్లు లెక్క అని చెప్పింది. ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్ళింది. యూనియన్ ఆఫ్ ఇండియా వర్సెస్ కె.వి. జానకీరామన్ కేసులో 1991 ఆగస్టు 27న తీర్పు వచ్చింది. దానిని రాసింది జస్టిస్ పి.బి. సావంత్.

తీవ్రమైన ఆరోపణల్లో సాక్ష్యాలు సేకరించి ఛార్జిషీటు సిద్ధం చేయడానికి సమయం పడుతుందనీ, ఆలోగా పదోన్నతి ఇవ్వడం మంచిది కాదనీ ప్రభుత్వం వాదించింది. కోర్టు ఒప్పుకోలేదు. ఆరోపణ అంత తీవ్రమైనదైతే సస్పెండ్ చేసే అధికారం మీకు ఉంది కదా అన్నది. ప్రాథమిక దర్యాప్తులు ఏళ్ళ తరబడి సాగి, కొన్నిసార్లు ఛార్జిమెమో లేకుండానే ముగుస్తాయన్న అనుభవాన్నీ గుర్తుచేసింది.

ఇంకో ముఖ్యాంశం జీతం బకాయిలది. 1982 మెమొరాండం ప్రకారం నిర్దోషిగా తేలినవారికి వెనుకటి తేదీతో పదోన్నతి వస్తుంది, బకాయిలు రావు. పని చేయలేదు కాబట్టి జీతం లేదన్నది ప్రభుత్వ తర్కం. పని చేయడానికి సిద్ధంగా ఉన్నవాడిని అధికారులే ఆపినప్పుడు ఆ సూత్రం వర్తించదని కోర్టు చెప్పింది. అయితే ఉద్యోగి వల్లే విచారణ ఆలస్యమైతే, లేదా సంశయలాభంతోనో, అతని చర్యల వల్ల సాక్ష్యం దొరకకపోవడంతోనో విడుదలైతే, బకాయిలు ఎంతమేరకు ఇవ్వాలో అధికారి నిర్ణయించవచ్చు. ఇవ్వకపోతే కారణాలు రాయాలి.

ఈ తీర్పు పూర్తిగా ఉద్యోగుల పక్షమని అనుకోకండి. శిక్ష పడినవారి విషయంలో ట్రిబ్యునల్ చూపిన ఉదారతను కోర్టు తోసిపుచ్చింది. దోషిగా తేలినవాడిని మచ్చలేని వారితో సమానంగా చూడనక్కర లేదన్నది.

దాంతో 1992 సెప్టెంబరు 14న కేంద్రం కొత్త మెమొరాండం ఇచ్చింది. సస్పెన్షన్, జారీ అయిన ఛార్జిషీటుపై నడుస్తున్న విచారణ, క్రిమినల్ ప్రాసిక్యూషన్: ఈ మూడు సందర్భాలే మిగిలాయి. ఆరు నెలలకోసారి సమీక్ష చేయాలి. మొదటి కమిటీ సమావేశం జరిగి రెండేళ్ళయినా విచారణ తేలకపోతే, తాత్కాలిక పదోన్నతిని పరిశీలించవచ్చు. 'జారీ' అంటే ఏమిటన్న ప్రశ్న మరుసటి ఏడాదే వచ్చింది. ఛార్జిషీటు రూపొందించి పంపితే చాలు, ఉద్యోగి చేతికి అందాల్సిన పనిలేదని సుప్రీంకోర్టు 1993లో డి.డి.ఏ. కేసులో తేల్చింది. లేకుంటే కాగితం తీసుకోకుండా తప్పించుకున్నవాడికే లాభం కదా!

జాప్యం సమస్య మాత్రం మిగిలింది. హైదరాబాదు నగరపాలక సంస్థలోని కట్టడాల అనుమతులపై అవినీతి నిరోధక శాఖ 1987లో నివేదిక ఇచ్చింది. పట్టణ ప్రణాళికా విభాగపు అధికారి ఒకరిపై ఆ విషయంలోనే 1995లో కూడా అభియోగాల మెమో జారీ అయింది. ట్రిబ్యునల్ ఆ మెమోను కొట్టివేయగా, 1998లో సుప్రీంకోర్టు సమర్థించింది. ఎన్నేళ్ళ ఆలస్యం ఎక్కువ అన్నదానికి ఒకే కొలత లేదనీ, ఆరోపణ స్వభావాన్నీ, ఆలస్యానికి కారణాన్నీ తూచి చూడాలనీ చెప్పింది. మరుసటి ఏడాది, 1999 జూన్ 10న, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం జి.ఓ. ఎం.ఎస్. నం. 257 జారీ చేసింది. విచారణ రెండేళ్ళు దాటినా ముగియని ఉద్యోగులకు తాత్కాలిక పదోన్నతిని పరిశీలించే వీలు అందులో ఉంది. ఆరోపణ తీవ్రతనూ ప్రజాప్రయోజనాన్నీ బట్టి ఆ నిర్ణయం తీసుకోవాలి.